నాగరత్నమ్మ గారి స్టీలు డబ్బా, వయా రువైస్

జెబెల్ అలీ,
అక్టోబర్ 5, 2023, గురువారం

రువైస్ లేబర్ క్యాంపు మెస్సుకి ఏకైక అధిపతి, ఎనిమిది వందల కడుపులకు పప్పుదాత అయిన త్రిమూర్తులు మావయ్య గారి పాదాలకు, నూనె మరకలు చూసుకుని కాస్త దూరంగా నిలబడి, మేనల్లుడు నాగేంద్రబాబు నమస్కరించి రాయునది.

ఫోన్లు ఉన్న కాలంలో ఈ కాగితమేంట్రా అనుకోకు. నీ ఫోన్ పగలంతా రిఫైనరీ గేటు దగ్గర సెక్యూరిటీ వాడి అరలో ఉంటుంది. సాయంత్రం నీ చేతికొచ్చాక స్పీకర్ మీద తప్ప పలకదు. నీ గదిలో ఉన్న ఆరుగురూ మన మాటలు వింటారు, ముగ్గురు సలహాలిస్తారు, ఒకడు అత్తయ్యకి చేరవేస్తాడు. ఇది అత్తయ్యకి చేరకూడని విషయం. అందుకే ప్రతి గురువారం దుబాయ్ నుంచి మీ మెస్సుకి కూరగాయల వ్యాను తోలే హయాత్ బాషా భాయ్ చేతికి ఇచ్చాను. ఆయనది కడపే అయినా చదువు ఉర్దూ మీడియం. తెలుగు మాట్లాడతాడు, చదవలేడు. మన రహస్యాలకి ఇంతకంటే మంచి పోస్ట్‌మ్యాన్ దొరకడు.

విషయానికొస్తాను. మా పంపుల కంపెనీ విషయం నీకు తెలుసుగా, జనవరిలో ఒక జపాన్ కంపెనీకీ ఒక బ్రిటిష్ కంపెనీకీ పెళ్ళయితే పుట్టింది. ఒకే అంతస్తులో ఎదురెదురు గదుల్లో ఇద్దరు మేనేజర్లు, అదే మన ముదీర్లు. జపాన్ ముదీర్ నిషిమురా సాన్. సాన్ అంటే మన 'గారు'. బ్రిటిష్ ముదీర్ వాట్‌కిన్స్. ఇద్దరూ ఎంత మర్యాదస్తులంటే, పోయిన వారం లిఫ్టు ముందు నిలబడి 'ముందు మీరు' అంటే 'అబ్బే ముందు మీరు' అనుకుంటూ రెండుసార్లు లిఫ్టుని ఖాళీగా పైకి పంపారు. మూడోసారి మన క్లీనర్ హుస్సేనమ్మ బకెట్టుతో సహా ఎక్కేసి వెళ్ళిపోయింది.

మా క్యాంటీన్ వంటవాడు ఖలాస్ చెప్పి ఊరెళ్ళిపోయాడు. కొత్త కుక్ కావాలి. ఇద్దరు ముదీర్లూ సంతకం పెట్టాలి. కుక్‌కి ఫ్యామిలీ గది ఇస్తారు. ఇప్పుడు నువ్వు నోరు మూసుకుని నేను చెప్పేది విను. దుబాయ్‌లో అత్తయ్య పనిచేసే జుమేరా ఇంటివాళ్ళు జనవరి ఆఖరికి బేరూత్ వెళ్ళిపోతున్నారు. ఆ తర్వాత అత్తయ్యకి పని లేదు, వీసా లేదు, ముమ్మిడివరం టికెట్టు ఒక్కటే ఉంది. పద్నాలుగేళ్ళుగా మొగుడూ పెళ్ళాం ఒకే దేశంలో ఉండి నలభై రోజులకోసారి బస్టాండులో రెండు గంటలు కలుసుకుంటున్నారు. ఇది కాపురం కాదు, ట్రాన్సిట్. నువ్వు ఇక్కడ కుక్‌వైతే అత్తయ్య నీ వీసా మీద నీ గదిలోనే ఉంటుంది. కిందట రెండుసార్లు 'దుబాయ్ వచ్చేస్తన్నా' అని ఆవిడకి చెప్పి బొక్కబోర్లా పడ్డావు కాబట్టి, ఈసారి కాగితం చేతిలో పడేదాకా ఆవిడకి చెప్పకు.

నా సలహా ఏంటంటే, దరఖాస్తుతో పాటు ఇద్దరికీ చెరో డబ్బా ఏదైనా పంపు. నోటిదారిన వెళ్ళిన దరఖాస్తుని ఎవరూ తిరగ్గొట్టరు.

ఇంకో ముచ్చట. డిసెంబర్ 14న మా కంపెనీ స్నేహ దినోత్సవం. జపాన్ వాళ్ళూ ఇంగ్లీషు వాళ్ళూ మొట్టమొదట ఎలా కలిశారో నాటకం వెయ్యాలట. 'కాలేజీ డ్రామా కార్యదర్శి' అని నా బయోడేటాలో రాసుకున్న పాపానికి రచన, దర్శకత్వం నాకు అంటగట్టారు. నేను కాలేజీలో తెర తాడు లాగాను, అంతే. ఇప్పుడు పుస్తకాల మీద పడ్డాను. 1613లో ఇంగ్లండు ఓడ మొదటిసారి జపాన్‌లో హిరాదో అనే రేవుకి వచ్చింది. ఆ ఓడ కెప్టెన్ వాళ్ళ రాజు పంపాడని జపాన్ పెద్దాయనకి, అంటే దేశాన్నేలే షోగున్ పదవి కొడుక్కిచ్చి ఇంట్లో కూర్చుని పెత్తనం మాత్రం తనే చేస్తున్న పెద్దాయనకి, ఒక దూరదర్శిని ఇచ్చాడు. ఆ దేశంలో అలాంటి గొట్టం అంతకుముందు ఎవరూ చూడలేదట. నాలుగొందల ఏళ్ళ కిందట కూడా కొత్తవాళ్ళ దగ్గరికి ఉత్త చేతుల్తో వెళ్ళలేదు. కాబట్టి డబ్బా పంపు.

ఇట్లు,
ఫైళ్ళకి నంబర్లు వేసే ఉద్యోగంలో జీవితాన్ని ధారపోస్తున్న
నాగేంద్రబాబు, బి.కాం.


రువైస్,
అక్టోబర్ 13, శుక్రవారం

ఒరే అల్లుడూ,

నీ ఉత్తరం అందింది. ఉల్లిపాయల బస్తాలో పెట్టి తెచ్చాడు బాషా. చదువుతుంటే కళ్ళమ్మట నీళ్ళొచ్చాయి, అది నీ రాతకి కాదు.

ట్రాన్సిట్ అన్నావు చూడు, ఆ మాట బాలేదు. నిజమే అనుకో. నిజం బాగుండాలని ఎక్కడుంది.

రెండు స్టీలు డబ్బాలు పంపుతున్నాను. రెండిట్లోనూ పైన మినప సున్నుండలు, కింద అరలో చిన్న సీసాలో ఆవకాయ. అన్నీ నేనే స్వయంగా చేశాను. దాని గురించి ఎక్కువ ప్రశ్నలు వెయ్యకు.

కానీ ఇది బాగా చదువుకో. ఆ డబ్బాలు మీ అత్తయ్య పెళ్ళినాటివి. నాలుగు డబ్బాల సెట్టు. మూత మీద 'నాగరత్నమ్మ, ముమ్మిడివరం' అని చెక్కించుకుంది. వస్తువు పోతే మనిషి దొరికినా క్షమించని ఆడది. మూత మారినా, సొట్ట పడినా నా పని అయిపోతుంది. తిన్నవాడు తిని డబ్బా తిరిగివ్వాలి. ఉట్టి డబ్బా ఇవ్వకూడదు, చిటికెడు పంచదారైనా వేసివ్వాలి, ఇది వాళ్ళకి తెలుసో లేదో నువ్వు మర్యాదగా చెప్పు.

నీ దూరదర్శిని కథ బాగుంది. ఆ పెద్దాయన బదులు ఏమిచ్చాడో రాయలేదు. కొంపదీసి ఉట్టి చేతుల్తో పంపాడా.

ఉంటాను. పప్పు అడుగంటుతోంది.

నీ మావయ్య
త్రిమూర్తులు


జెబెల్ అలీ,
అక్టోబర్ 19, గురువారం

అంతర్జాతీయ సంబంధాల శాఖామాత్యులు మావయ్య గారికి,

డబ్బాలు సమర్పించబడ్డాయి. వివరాలు చరిత్ర కోసం రాస్తున్నాను.

ముందు నిషిమురా సాన్ గదికి వెళ్ళాను. ఆయన లేచి రెండు చేతులతో డబ్బా అందుకుని నడుం దాకా వంగాడు. నేను వంగాను. నాకంటే కిందకి ఆయన వంగాడు. పెద్దాయన అంత వంగితే నేను తక్కువ వంగడం పద్ధతా? ఇంకా వంగాను. ఇలా నాలుగు దఫాలు అయ్యాక నా తల ప్రింటర్ మూలకి తగిలింది. ఆయన కంగారుపడి ఐస్ తెప్పించాడు, ఐస్ ఇస్తూ మళ్ళీ వంగాడు.

నాలుగు రోజులకి మన డబ్బా తిరిగొచ్చింది. అద్దంలా తోమించాడు, అత్తయ్య పేరు ఇంత తళతళలాడటం నేనెప్పుడూ చూడలేదు. ఉట్టిగా రాలేదు, లోపల బియ్యప్పిండి బిళ్ళలు పన్నెండున్నాయి. డబ్బాని నీలం రంగు పట్టుగుడ్డలో మూటకట్టి పంపాడు. మూటతో సహా నీకు పంపుతున్నాను. సున్నుండలు ఇరవై నాలుగు పంపావు కదా, అందులో సరిగ్గా సగం. అందుకున్నదాంట్లో సగం తిరిగివ్వడం వాళ్ళ మర్యాదట.

వాట్‌కిన్స్ సారు డబ్బా తీసుకుని, 'అయ్యయ్యో, మీరసలు తేకుండా ఉండాల్సింది' అన్నాడు. ఆవకాయ కలుపుకుని తిన్నాక ముఖం టమాటా అయింది. రెండు గ్లాసుల నీళ్ళు తాగి, 'ఆసక్తికరంగా ఉంది' అన్నాడు. మర్నాడు గొర్రెపిల్ల బొమ్మ ఉన్న థ్యాంక్యూ కార్డు నా బల్ల మీద పెట్టాడు. డబ్బా మాత్రం ఆయన బల్ల మీదే ఉంది. అందులో టీ బ్యాగులు పోసుకున్నాడు. ఉట్టి డబ్బా సంగతి మర్యాదగా చెబుదామనుకున్నాను కానీ, 'మీ టీ బ్యాగులు కిందపోసి మా డబ్బా ఇవ్వండి' అనే వాక్యాన్ని మర్యాదగా చెప్పే ఇంగ్లీషు నాకు బి.కాం.లో నేర్పలేదు.

అడిగావు కాబట్టి: జపాన్ పెద్దాయన ఉట్టి చేతులతో పంపలేదు. ఇంగ్లండు రాజుకి బంగారు రేకుల తెరలిచ్చాడు. ఆయన కొడుకు యుద్ధ కవచాలు రెండిచ్చాడు. ఒక్క గొట్టానికి ఇన్ని.

ఇట్లు,
నుదుటి మీద బొప్పితో
నాగేంద్ర


రువైస్,
అక్టోబర్ 20, శుక్రవారం

ఒరే నాగేంద్రం,

ఆ ఇంగ్లీషాయన ముఖం మీదే 'తేకుండా ఉండాల్సింది' అన్నాడంటే మనం వద్దనే కదా. పైగా కార్డు మీద గొర్రె బొమ్మ. నన్ను గొర్రె అంటున్నాడు. సరే అనుకో, ఇష్టం లేకపోతే డబ్బా ఇచ్చెయ్యాలి గానీ అందులో టీ పొట్లాలు పెట్టుకోడమేంటి. ఆయన సంతకం పెట్టడు. రాసిపెట్టుకో.

జపానాయన దగ్గరే మన ఆశ. కానీ సగం పంపాడంటే నాకు గుచ్చుకుంది. 'నీ సరుకులో సగమే బాగుంది' అని కదూ దానర్థం. మర్యాద అని నువ్వంటావు, నీకు పెళ్ళి కాలేదు, నీకు మాటల వెనక మాట తెలీదు.

ఇంకో చిక్కు. డబ్బా మనది, తిరిగొచ్చింది, సరే. మరి గుడ్డ ఆయనది. పట్టుగుడ్డ. అది తిరిగివ్వాలి. ఉట్టి గుడ్డ ఎలా పంపుతాం. అందుకే నలభై ఎనిమిది గవ్వలు చేసి ఆ గుడ్డలోనే మూటకట్టి పంపుతున్నాను. ఇవి మాత్రం నిజంగా నేనే చేశాను.

నీ మావయ్య


జెబెల్ అలీ,
నవంబర్ 9, గురువారం

మావయ్యా,

బిరుదులు రాసే ఓపిక లేదు. పరిస్థితి చెయ్యి దాటుతోంది.

నీ గవ్వలు ఒకటి కొరికి నిషిమురా సాన్ చాలాసేపు కిటికీలోంచి పోర్టు క్రేన్ల వంక చూశాడు. మర్నాడు ఉదయం సెలవు పెట్టాడు. పళ్ళ డాక్టరు దగ్గరికని హుస్సేనమ్మ చెప్పింది. అయినా సోమవారం ఒక పుచ్చకాయ తెచ్చాడు, గులాబీ రంగు కొత్త గుడ్డలో. నువ్వు ఆ గులాబీ గుడ్డలో పాకం జంతికలు పంపావు. ఆయన ఆకుపచ్చ గుడ్డలో టీ పొడి డబ్బా పంపాడు. నువ్వు ఆకుపచ్చ గుడ్డలో చక్కిలాలు పంపావు. ఆ మూట చూడగానే ఆయన ముఖంలోకి ఒక రకమైన ప్రశాంతత వచ్చింది. ఆశలన్నీ వదులుకున్నవాళ్ళకి వచ్చేలాంటిది. అయినా నిన్న అదే ఆకుపచ్చ గుడ్డలో బిస్కెట్లు కట్టి పంపాడు, ఈ ఉత్తరంతో వస్తున్నాయి. మన మెషీన్ షాపు మల్లేశ్ లేడూ, జగిత్యాల వాడు, వాడన్నాడు: 'అన్నా, గీ మూటలు ఇట్లనే తిరిగితే ఆయన జపాన్ల ఇల్లు అమ్ముకుంటడు.'

దయచేసి ఆపు. ఆకుపచ్చ గుడ్డ ఒకటి బాకీ పడిపోతే ప్రపంచం మునగదు.

వాట్‌కిన్స్ సంగతి. ఆయన నా బల్ల దగ్గరికొచ్చి, 'ఆ పచ్చడి మళ్ళీ ఎప్పుడైనా దొరికే అవకాశం ఉందా, తొందరేం లేదు' అన్నాడు. నువ్వు నమ్మవు గానీ, శాండ్‌విచ్‌లో రాసుకుని సీసా అడుగు దాకా తిన్నాడు. 'ఆసక్తికరంగా' అన్నది తిట్టు కాదేమో అనిపిస్తోంది. సంతకం మాట ఎత్తితే ఇద్దరూ ఒకటే జవాబు: ముందు ఆయన పెడితే నేను పెడతాను. లిఫ్టు కథే.

నాటకం సగం అయింది. ఇందులో నాకు నచ్చినవాడు ఒకడున్నాడు. ఆ ఇంగ్లీషు ఓడ రాకముందే పదమూడేళ్ళ కిందట వేరే ఓడలో కొట్టుకొచ్చి అక్కడే ఉండిపోయిన ఇంగ్లీషు పైలట్టు. తనవాళ్ళ ఓడ రాగానే పరుగున వచ్చి కావలించుకుని ఏడుస్తాడనుకున్నారు. ఆయన జపాన్ బట్టల్లో తాపీగా వచ్చి, దండం పెట్టి, వాళ్ళతో బస చెయ్యకుండా తన బసకి తను వెళ్ళిపోయాడట. ఇంగ్లీషువాళ్ళకి ఒళ్ళు మండింది. అది చదివితే నువ్వు గుర్తొచ్చావు. కిందటిసారి ఊరెళ్ళినప్పుడు మా అమ్మ అన్నం మారు వడ్డిస్తుంటే, చాలు అనడానికి సొంత అక్కతో 'ఖలాస్ ఖలాస్' అన్నావట. అమ్మ ఇప్పటికీ చెప్పుకుని బాధపడుతుంది, అదేదో కొత్త జబ్బు అనుకుంది.

నాటకానికి కవచం కావాలి. మీ మెస్సులో పనికిరాని ఇడ్లీ పళ్ళేలు ఏమైనా ఉంటే పంపు.

ఆవకాయ ఇంకో సీసా కూడా. అదే రుచి రావాలి.

నాగేంద్ర


రువైస్,
నవంబర్ 10, శుక్రవారం

అల్లుడూ,

ఈ ఉత్తరం చదివాక చింపెయ్యి. ఆయ్, నిజంగానే.

ఆవకాయ నేను చెయ్యలేదు. సున్నుండలూ నావి కావు. మీ అత్తయ్య ప్రతి నెలా బాషా చేత నాకు పంపే డబ్బాలే అవి. నేను మూత తీసి వాసన చూసి, అలాగే మీకు తోసేశాను. జుమేరా నుంచి జెబెల్ అలీకి అరగంట దారి. అది ఇక్కడిదాకా వచ్చి మళ్ళీ వెనక్కొచ్చింది, ఆరొందల కిలోమీటర్ల పైన తిరిగింది. నేను ఎనిమిది వందల మందికి పప్పు చెయ్యగలను రా. ఒక మనిషికి వండమంటే నా చెయ్యి తిరగదు. గవ్వలు చూశావుగా.

ఆవిడకి అనుమానం వచ్చేసింది. డబ్బా ఒకటే తిరిగొచ్చింది, రెండోది ఏదని అడిగింది. ఆవకాయ ఇంకో సీసా కావాలన్నాను. 'పోయిన నెల సీసా పదిహేను రోజుల్లో ఎలా అయిపోయింది, మీకు కడుపులో పుండుంది, డాక్టరు కారం మానమన్నాడు' అంది. ఇక అంతే. 'రువైస్‌లో నా డబ్బాలో తింటున్న ఆ మహాతల్లి ఎవరో పేరు చెప్పండి' అని స్పీకర్ మీద అడిగింది. గదిలో ఆరుగురూ గొంతులు సవరించుకున్నారు, మా క్యాంపులో ఆడగాలే లేదని సాక్ష్యం చెబుదామని. ఒకడు చెప్పాడు కూడా. 'మీరంతా ఒకటే' అని పెట్టేసింది. నిన్న రాత్రి నుంచి ఫోన్ ఎత్తట్లేదు.

ఉద్యోగం వస్తే అన్నీ ఒకేసారి చెబుతాను. రాకపోతే ఆవిడ జనవరిలో విమానం ఎక్కుతుంది, నా మీద కోపంతోనే ఎక్కుతుంది. పద్నాలుగేళ్ళు బస్టాండులో బాగానే మాట్లాడుకున్నాం. అదీ పోయింది.

ఇడ్లీ పళ్ళేలు పన్నెండు పంపుతున్నాను. ఆకుపచ్చ గుడ్డలో చుట్టాను. ఆయన గుడ్డ ఆయనకి చేరిపోవాలి కదా.

మావయ్య


జెబెల్ అలీ,
డిసెంబర్ 17, ఆదివారం

మావయ్యా,

బాషా భాయ్ గురువారం దాకా రాడు. అందాకా ఈ ఉత్తరం నా దిండు కిందే. అయినా మర్చిపోకముందే రాసెయ్యాలి.

నాటకం జరిగింది. అడ్డుకోవడానికి ఎవరూ ముందుకు రాలేదు.

జపాన్ పెద్దాయన వేషం మల్లేశ్‌ది. ఇంగ్లీషు కెప్టెన్‌గా క్రేన్ ఆపరేటర్ అమానుల్లా, పెషావర్ మనిషి, ఆరడుగుల మూడంగుళాలు. ముసలి పైలట్టు నేను. సంభాషణలు హిందీలో రాశాను గానీ మల్లేశ్ వేదిక ఎక్కగానే హిందీ మర్చిపోయాడు. అమానుల్లా చంద్రుణ్ణి చూపిస్తానంటూ ప్లాస్టిక్ గొట్టం అందించి, 'హుజూర్, ఇస్‌మే సే చాంద్ దిఖ్‌తా హై' అన్నాడు. మల్లేశ్ కన్నుపెట్టి చూసి, 'చాందు కాదుర భయ్, మా క్యాంపు సుత కనవడ్తలేదు. మూత తియ్యలే నువ్వు' అన్నాడు. నిజంగానే తియ్యలేదు. జనం చప్పట్లు.

ఇక కవచం. మల్లేశ్ తన ఒంటికి కట్టుకున్న ఇడ్లీ పళ్ళేలు ఒక్కొక్కటి విప్పి కెప్టెన్‌కి కట్టాలి, అదే బదులు బహుమతి. అక్కడితో తెర దించాలి. కానీ నేను రాసేటప్పుడు నా బుర్రలో మీ మూటలే తిరుగుతున్నాయి. కెప్టెన్ బదులుకి బదులుగా టోపీ ఇస్తాడు. పెద్దాయన టోపీకి గొడుగిస్తాడు. గొడుగుకి చెప్పులు. చెప్పులకి గడియారం. చివరికి అమానుల్లా ఒంటిమీద లుంగీ మిగిలింది, మల్లేశ్ తన ప్లాస్టిక్ కుర్చీ కూడా ఇచ్చేసి నేలమీద కూర్చున్నాడు. ఇద్దరూ ఒగర్చుకుంటూ నా వంక తిరిగి, పైలట్టూ, ఇది ఎక్కడ ఆగుతుందని అడగాలి. నేను 'హమ్‌కో నహీ మాలూమ్' అని నా దారిన నేను వెళ్ళిపోవాలి.

అప్పుడు చూశాను. మొదటి వరసలో నిషిమురా సాన్ ముఖం కాగితంలా ఉంది. పక్కన వాట్‌కిన్స్ తన బూట్ల వంక చూసుకుంటున్నాడు. నా వీసా రద్దయ్యే చప్పుడు నాకు వినబడింది.

నిషిమురా సాన్ చేత్తో నోరు కప్పుకున్నాడు. భుజాలు కదిలాయి. ఏడుస్తున్నాడనుకున్నాను. నవ్వు, మావయ్యా. కన్నీళ్ళొచ్చేలా నవ్వాడు, కొత్త పన్ను కనబడేలా. ఆయన నవ్వాక వాట్‌కిన్స్ నవ్వాడు. ముందు మీరు, తర్వాత నేను.

తర్వాత టీ దగ్గర ఆయన నన్ను పక్కకి పిలిచి, చాలాసేపు పళ్ళ సందుల్లోంచి గాలి పీల్చి, 'ఈ మూటల విషయం... మీ దేశంలో దీన్ని ఎలా ముగిస్తారు?' అని అడిగాడు. అంత మర్యాదస్తుడు ఎనిమిది వారాలుగా ఆ ప్రశ్నని కడుపులో పెట్టుకున్నాడు.

నేనన్నాను: 'సార్, మా దగ్గర ముగియదు. కొన్నాళ్ళకి చుట్టాలైపోతారు. అప్పుడు బదులు ఇవ్వకపోయినా ఎవరూ ఏమీ అనుకోరు.'

ఆయన ఆలోచించాడు. సోమవారం నీ కాగితం మీద ఎర్ర ముద్ర వేస్తానన్నాడు. వాళ్ళకి సంతకం బదులు ముద్ర.

తా. క. డిసెంబర్ 20, బుధవారం. మావయ్యా, కూర్చుని చదువు. నియామకపత్రం వచ్చింది. ఇద్దరి ఆమోదమూ ఉంది, జనవరి 3న చిన్న వంట పరీక్ష మాత్రం మిగిలింది. కానీ పేరు 'చీఫ్ కుక్: శ్రీమతి నాగరత్నమ్మ' అని ఉంది.

జరిగింది ఇది. వాట్‌కిన్స్ తన బల్ల మీది డబ్బా మూత చూపించి, ఇక్కడ ఏం రాసుందని హుస్సేనమ్మని అడిగాడట. ఆవిడ చదివి చెప్పింది. ఆ పచ్చడి చేసిన మనిషి పేరదే అనుకుని, నవంబర్‌లోనే ఫారం తనే నింపి సంతకం పెట్టి, మర్చిపోకుండా ఉండాలని అదే డబ్బాలో టీ బ్యాగుల కింద పెట్టి, మర్చిపోయాడు. సోమవారం టీ అయిపోతే బయటపడింది. వాళ్ళ లోకంలో గిన్నె మీద వండినవాళ్ళ పేరుంటుంది. పోయినప్పుడు వెతుక్కోడానికి మనం పేరు చెక్కిస్తామని ఆయనకేం తెలుసు. నిషిమురా సాన్‌కి నీ పేరు తెలుసు, ఆ తప్పు కనబడింది కూడా. కానీ తోటి ముదీర్ తప్పుని ఎత్తిచూపడం బాగోదని దాని మీదే ముద్ర వేశాడు.

పుస్తకంలో ఇంకోటి చదివాను. ఆ జపాన్ కవచాల్లో ఒకదాన్ని ఇంగ్లండులో చాలాకాలం మొగలాయి చక్రవర్తి పంపిన ఇండియా సరుకని రాసుకున్నారట. చీటీ ఎవరు రాస్తే వాళ్ళదే చరిత్ర.

వెళ్ళి పేరు మార్పించనా? ఒక్క మాట రాయి. నేను ఏదీ ముట్టుకోలేదు.

నాగేంద్ర


రువైస్,
డిసెంబర్ 22, శుక్రవారం

నాగేంద్రం,

ఉత్తరం మూడుసార్లు చదివాను. రెండోసారి కోపమొచ్చింది. ఇరవై రెండేళ్ళుగా గరిటె తిప్పుతున్నాను, ఎనిమిది వందల మంది నా పప్పు తిని పైకొచ్చారు, మూత మీద పేరు చూసి నా పెళ్ళాన్ని చీఫ్ కుక్ చేస్తాడా.

మూడోసారి చదివాక గవ్వ ఒకటి మిగిలితే నోట్లో వేసుకున్నాను. బయటికి తీశాను.

పేరు మార్పించకు. ఆయన ఎవరి పచ్చడి తిన్నాడో వాళ్ళ పేరే రాశాడు. అబద్ధం రాసింది నేను, డబ్బా కాదు.

నిన్న మీ అత్తయ్యకి ఫోన్ చేశాను. బాషా ఫోన్ నుంచి, అది స్పీకర్ లేకుండా పలుకుతుంది. మొత్తం చెప్పాను. మహాతల్లి ఎవరో కాదు, మీసాలున్న ఇంగ్లీషాయన అని చెప్పాను. 'నా పచ్చడి మీరు చేశారని చెప్పారా' అంది. అవునన్నాను. 'గవ్వలు ఎవరు చేశారని చెప్పారు' అంది. నేనే అన్నాను. 'అదొక్కటి నిజం చెప్పారు' అంది. నవ్విందో లేదో తెలీదు, వ్యాను ఇంజన్ ఆన్‌లో ఉంది.

వెళ్తానంది. జనవరి 3న నువ్వు గేటు దగ్గర నిలబడి లోపలికి తీసుకెళ్ళు. అటు జపానాయన వంగితే ఈవిడ పొడుగ్గా నిలబడకుండా చూడు. నువ్వు మాత్రం ప్రింటర్‌కి దూరంగా ఉండు.

నా సంగతి తర్వాత చూద్దాం. ఆవిడ టికెట్టు కేన్సిలైతే అదే పదివేలు.

మావయ్య


జెబెల్ అలీ,
జనవరి 11, 2024, గురువారం

చీఫ్ కుక్ గారి భర్త గారికి,

ఇక మీదట నీ బిరుదు ఇదే, అలవాటు చేసుకో.

అత్తయ్య వంట పరీక్షకి పప్పుచారు, వంకాయ కూర పెట్టింది. నిషిమురా సాన్ తిని గిన్నె పైకెత్తి తాగాడు. వాట్‌కిన్స్ 'బాగాలేకపోలేదు' అన్నాడు. నేను వెంటనే అత్తయ్య చెవిలో, అది వాళ్ళలో పెద్ద మెప్పు అని చెప్పాను. లేకపోతే వంకాయలు గాల్లో ఎగిరేవి.

తర్వాత ఆఫీసు వాళ్ళు, అసిస్టెంటు కుక్‌ని చీఫ్ కుక్కే ఎంచుకోవచ్చన్నారు. నేను నీ పేరు చెప్పబోతే అత్తయ్య చెయ్యెత్తి ఆపింది. 'ముందు దరఖాస్తు పెట్టుకోమను. గవ్వలు చెయ్యనని రాసివ్వాలి. చూద్దాం' అంది. ముఖంలో ఏ భావమూ లేదు. ఆవిడ జపాన్‌లో పుట్టాల్సింది.

ఫ్యామిలీ గది చూసొచ్చింది. రెండు మేకులు కొట్టించింది, ఒకటి ఆవిడ సంచికి, ఒకటి ఖాళీగా ఉంది. ఎవరికని నేను అడగలేదు.

ఇంకో వార్త. ఏడాదిలో మొదటిసారి ఇద్దరు ముదీర్లూ ఒక్క నిమిషంలో, ముందు మీరు అనుకోకుండా, ఒక విషయం మీద ఏకాభిప్రాయానికి వచ్చారు. రువైస్ సైట్‌లో ఫైళ్ళకి నంబర్లు వెయ్యడానికి మనిషి కావాలట. నాటకం రాసిన కుర్రాడిని పంపుదామన్నారు. ఎంతో ఆప్యాయంగా చెప్పారు. వచ్చే నెల ఒకటి నుంచి నేను అక్కడ.

నీ మంచం నాకు ఉంచు. స్పీకర్ ఫోన్ వద్దు.

నాగేంద్ర


జెబెల్ అలీ,
ఫిబ్రవరి 8, గురువారం

రువైస్ అల్లుడికి,

అక్కడ గాలికి ఇసుక కంట్లో పడుతుంది, అద్దాలు పెట్టుకో. మెస్సులో పప్పు ఎలా ఉంది. నేను పోయాక పలచనైందని బాషా చెప్పాడు. ఆనందంగా ఉంది.

ఇక్కడ నా పని ఉల్లిపాయలు కొయ్యడం. చీఫ్ కుక్ గారు పనివేళల్లో నాతో మాట్లాడరు, 'ఏమండీ, ఉప్పు' అంటారు, నేను ఉప్పిస్తాను. డ్యూటీ అయ్యాక గదికొచ్చి మళ్ళీ 'ఏమండీ' అంటుంది. మొదటి వారం ఇద్దరికీ ఏం మాట్లాడాలో తెలీలేదు. పద్నాలుగేళ్ళుగా రెండు గంటల మాటలే అలవాటు. రెండు గంటలు అవగానే నేను లేచి చెప్పులేసుకున్నాను, బస్సు టైమైందని. ఎక్కడికండీ అంది. నిలబడిపోయాను. నీ పైలట్టుకి కూడా ఇలాగే అయ్యుంటుంది, వాడిని ఏమీ అనకు.

అసలు సంగతి డబ్బా. నిన్న మీ అత్తయ్య చెయ్యి తుడుచుకుని వాట్‌కిన్స్ గదికి వెళ్ళింది. మూత చూపించి, తన గుండె మీద వేలు పెట్టుకుంది. అంతే, ఒక్క ఇంగ్లీషు ముక్క లేదు. ఆయన ఎర్రబడి, సారీలు చెప్పి, టీ బ్యాగులు సొరుగులో కుమ్మరించి, రుమాలుతో తుడిచి డబ్బా చేతికిచ్చాడు. ఉట్టి డబ్బా.

ఆవిడ వంటింట్లోకి అదే ముఖంతో వచ్చింది. అంతా ఎదురు గది తలుపులోంచి జపానాయన చూశాడట. రెండు నిమిషాల్లో ఆయన పరుగు పరుగున క్యాంటీన్‌కి వచ్చాడు, కోటు బొత్తాం ఊడి ఉంది. జేబులు తడుముకున్నాడు. దగ్గు బిళ్ళ ఒకటి దొరికింది. డబ్బా మూత తీసి, రెండు చేతులతో అందులో పెట్టి, మూత పెట్టి, వాట్‌కిన్స్ తరఫున అన్నట్టు వంగాడు. మీ అత్తయ్య కూడా వంగింది. నేను మధ్యలో గరిటె అడ్డుపెట్టాను, లేకపోతే ఎప్పటికి తేలేది.

సెట్టు నాలుగూ పూర్తయింది. ఆవిడ ఆ దగ్గు బిళ్ళ తీసి దేవుడి పటం ముందు పెట్టింది.

ఆ డబ్బాలోనే నీకు ఆవకాయ పంపుతున్నాను. ఆవిడే పెట్టమంది. వచ్చే శుక్రవారానికి డబ్బా తిరిగి రావాలి. ఉట్టిగా పంపావో, నీ పేరు కూడా దాని మీదే బాకీదారుగా చెక్కిస్తానంది.

ఇట్లు,
చీఫ్ కుక్ గారి అనుమతితో రాసిన
త్రిమూర్తులు, అసిస్టెంటు కుక్